కార్డు స్టేట్‌మెంట్‌లో తెలియని హోటల్ పేరు కనిపిస్తే ఆ రాత్రికే చేయాల్సిన పనులు

పోయిన సంక్రాంతి తర్వాత వచ్చిన క్రెడిట్ కార్డు స్టేట్‌మెంట్‌లో ఒక లైను చూసి నాకు గుండె గుభేల్‌మంది. 1,840 రూపాయలు. ఎవరో ఇద్దరి పేర్లు కలిపి చివర ఎంటర్‌ప్రైజెస్ అని ఉంది, పక్కన బెంగళూరు అని ఉంది. ఆ నెలంతా నేను అనంతపురం దాటి బెంగళూరు వైపు పోయిందే లేదు. రాత్రి పదకొండు గంటలప్పుడు కస్టమర్ కేర్‌కు ఫోన్ కలపబోయి, ఎందుకో ఆగి, ముందు మా ఆయన్ని లేపి అడిగాను. నిద్రమత్తులోనే ఆయన, "గుత్తి దాటినాక ధాబాలో తిన్లేదా, సంగటి, నాటుకోడి, పిల్లోళ్లకు పులావు. నేనే కడితిని గదా" అన్నారు. కర్నూల్లో మా ఆడబిడ్డ వాళ్లింటి నుంచి వస్తూ ఆగిన ధాబా అది. ఆయన దగ్గరున్నది నా కార్డు మీద తీసుకున్న యాడాన్ కార్డు, దాంతో ఏం కొన్నా నా స్టేట్‌మెంట్‌లోనే పడుతుంది. ధాబా బోర్డు మీద ఉన్న పేరు ఒకటి, స్వైపింగ్ మెషీన్ ఉన్న పేరు ఇంకొకటి, అంతే.

ఆ రాత్రి నేను ఆగకుండా "ఇది ఫ్రాడ్" అని చెప్పేసి ఉంటే కార్డు ఆ నిమిషమే బ్లాక్ అయ్యేది. కొత్తది వచ్చేదాకా కరెంటు బిల్లు, నెట్ బిల్లు ఆటోపే పెట్టుకున్నవన్నీ ఆగిపోయేవి, చివరికి అది మేం తిన్న తిండే అని తేలి ఫిర్యాదు కొట్టేసేవాళ్లు. అలాగని "ఎవరో తిని ఉంటార్లే, తర్వాత చూద్దాం" అని ఊరుకోవడం ఇంకా పెద్ద తప్పు. కడపలో మా మామ సరిగ్గా అదే చేశాడు, ఏడు వేలు పోయాయి. ఆ కథ కిందికి వస్తే చెప్తాను. అందుకే తెలియని హోటల్ పేరు కనిపించిన రాత్రే కూర్చుని, ఇది మనదేనా, మనదే కానీ తప్పుగా పడిందా, అసలు మనది కాదా అన్నది తేల్చేసుకోండి. అరగంట పని. ఈ మూడింటికీ వెళ్లాల్సిన దారులు వేరు వేరు, ఒకదానికి బదులు ఇంకోటి పట్టుకుంటే నెలలు తిరగాల్సి వస్తుంది.

ముందు ఆ లైనును పూర్తిగా చదవండి

స్టేట్‌మెంట్‌లో పడే పేరు హోటల్ బోర్డు మీది పేరు కాదు. ఆ స్వైపింగ్ మెషీన్ తీసుకునేటప్పుడు బ్యాంకుకు ఇచ్చిన వ్యాపారం పేరు అది. మన దగ్గర చాలా హోటళ్లు కుటుంబ వ్యాపారాలు కాబట్టి ఓనరు పేరో, వాళ్ల నాయన పేరో, వాళ్లకున్న ఇంకో ఫర్మ్ పేరో ఉంటుంది. లీజుకు తీసుకున్న హోటలైతే పాత పేరు మీదే మెషీన్ నడుస్తూ ఉండొచ్చు. లాడ్జీ కింద ఉన్న రెస్టారెంట్‌లో తింటే లాడ్జీ పేరు పడుతుంది. ఊరి పేరు కూడా అంతే, రిజిస్టర్ చేసిన అడ్రసు ఎక్కడుంటే ఆ ఊరు వస్తుంది. అనంతపురం సప్తగిరి సర్కిల్ దగ్గర కూర్చుని తిన్నా, ఆ హోటల్ హెడ్డాఫీసు బెంగళూరులోనో హైదరాబాదులోనో ఉంటే అదే కనిపిస్తుంది. ఆ ఊరికి నేను పోనేలేదు కాబట్టి ఇది మోసమే అని ఒక్కసారే తీర్మానించేయకండి.

ఇంటికి తెప్పించుకున్న పార్సిల్ అయితే హోటల్ పేరు అసలు రాదు, యాప్ కంపెనీ పేరు వస్తుంది. స్విగ్గీ నడిపే కంపెనీకి ముందు బండిల్ టెక్నాలజీస్ అని పేరుండేది, పాత స్టేట్‌మెంట్లలో చాలామందికి ఆ పేరే పడింది. జొమాటో నడిపే కంపెనీ 2025లో ఎటర్నల్ అని పేరు మార్చుకుంది. ఇవి తెలియని వాళ్లు ఆ పేరు చూసి కంగారు పడటంలో వింతేమీ లేదు. ఇంకొన్నిసార్లు పేరుకు ముందు మూడు నాలుగు అక్షరాలు, ఒక నక్షత్రం గుర్తు (*) ఉంటాయి, అది మధ్యలో డబ్బు తీసుకున్న పేమెంట్ గేట్‌వే గుర్తు. దాన్ని వదిలేసి, తర్వాత ఉన్న ముక్కను చూడండి.

ఇప్పుడు ఇంకొక రకం బాగా కనిపిస్తోంది. 2022లో రూపే క్రెడిట్ కార్డును యూపీఐకి కలుపుకునే వీలు వచ్చింది. పొద్దున టిఫిన్ సెంటర్‌లో ఉగ్గాని బజ్జీ తిని, గోడకు అంటించిన క్యూఆర్ కోడ్ కొట్టి, ఏ ఖాతా నుంచి పోతోందో చూడకుండా పిన్ నొక్కేస్తాం. అది క్రెడిట్ కార్డు నుంచి పోతుంది. నెలాఖరుకు చూస్తే 90 రూపాయలు, 140 రూపాయలు అని ఎవరో మనిషి పేరు మీద వరసగా పడి ఉంటాయి. ఆ మనిషి టిఫిన్ సెంటర్ ఓనరు. మన కార్డు నంబరు ఎవరికో దొరికి చిన్న చిన్న మొత్తాలు లాగుతున్నారేమో అని భయపడే ముందు యూపీఐ యాప్ తెరిచి ఆ తేదీ హిస్టరీ చూస్తే రెండు నిమిషాల్లో తేలిపోతుంది.

తేదీ దగ్గర కూడా తికమక ఉంటుంది. స్టేట్‌మెంట్‌లో కొన్ని బ్యాంకులు కార్డు గీకిన రోజు వేస్తాయి, కొన్ని ఆ డబ్బు హోటల్ ఖాతాకు లెక్క తేలిన రోజు వేస్తాయి, కొన్ని రెండూ వేస్తాయి. హోటల్ వాళ్లు రాత్రి కౌంటర్ మూసేటప్పుడు మెషీన్‌లో ఆ రోజు లెక్క సెటిల్ చేస్తారు, ఒక్కోసారి మర్నాడు చేస్తారు. కాబట్టి స్టేట్‌మెంట్‌లో 17వ తేదీ ఉంటే 14, 15, 16 తేదీల్లో కూడా ఎక్కడెక్కడ తిన్నారో గుర్తు తెచ్చుకోండి.

గుర్తు రాకపోతే ఫోనే సాక్ష్యం. మెసేజీల్లో ఆ మొత్తాన్ని కామా లేకుండా ఒకసారి, కామాతో ఒకసారి వెతకండి, బ్యాంకు నుంచి వచ్చిన మెసేజ్‌లో తేదీతో పాటు గంట, నిమిషం కూడా చాలాసార్లు ఉంటాయి. ఆ టైముకు గ్యాలరీలో ఫోటోలు చూడండి, పిల్లలు ఉన్న ఇంట్లో హోటల్‌కు పోయిన ప్రతిసారీ ఏదో ఒక ఫోటో ఉంటుంది. మ్యాప్స్‌లో టైమ్‌లైన్ ఆన్ చేసి ఉంటే ఆ రోజు ఎక్కడ ఆగారో చూపిస్తుంది. యాడాన్ కార్డు ఎవరి దగ్గరుందో వాళ్లను అడగండి, హాస్టల్లో ఉన్న పిల్లల దగ్గర ఉంటే తిట్టకుండా అడగండి, భయపడితే నిజం చెప్పరు.

పేరు, రోజు కుదిరినా మొత్తం కుదరకపోతే

బిల్లు 1,200 అనుకుంటే 1,260 పడింది అంటే అది 5 శాతం జీఎస్టీ, మామూలు రెస్టారెంట్లకు ఉన్న రేటు అదే. దానికి మించి ఉంటే సర్వీస్ చార్జ్ కలిపారేమో బిల్లు చూడండి. మనల్ని అడగకుండా బిల్లులో సర్వీస్ చార్జ్ కలపకూడదని కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2022 జూలై 4న మార్గదర్శకాలు ఇచ్చింది, హోటల్ సంఘాలు కోర్టుకు వెళ్తే 2025 మార్చి 28న ఢిల్లీ హైకోర్టు ఆ మార్గదర్శకాలు సరైనవే అంది. కౌంటర్ దగ్గరే తీసేయమని అడగొచ్చు, ఒప్పుకోకపోతే వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 నంబరుకు ఫిర్యాదు చేయొచ్చు. ఇది బ్యాంకుతో తేల్చుకునే విషయం కాదు, మనం పిన్ కొట్టి ఒప్పుకున్న మొత్తం అది.

పిల్లల్ని చూడటానికి అమెరికా వెళ్లొచ్చిన పెద్దవాళ్లకు ఇంకో తేడా కనిపిస్తుంది. అక్కడ కార్డు తీసుకుని ముందు బిల్లు మొత్తానికి అనుమతి తీసుకుంటారు, తర్వాత మనం స్లిప్ మీద రాసిన టిప్ కలిపి ఫైనల్ మొత్తం పంపిస్తారు. దానికి తోడు మన బ్యాంకు వేసే విదేశీ మారకం చార్జీ. మెసేజ్‌లో వచ్చిన మొత్తానికీ స్టేట్‌మెంట్‌లో పడినదానికీ తేడా ఉంటే ముందు టిప్ కలిపి చూడండి.

హోటల్‌కు ఫోన్ చేసేటప్పుడు

ఏ హోటలో ఊహ తెలిసిందంటే పొద్దున్నే ఫోన్ చేయండి, మధ్యాహ్నం భోజనాల టైములో చేస్తే కౌంటర్‌లో వాళ్లకు మాట్లాడే తీరిక ఉండదు. కార్డు పూర్తి నంబరు చెప్పకండి, వెనక ఉన్న మూడంకెలు అసలే చెప్పకండి. చివరి నాలుగు అంకెలు, మొత్తం, తేదీ చాలు. "అన్నా, ఫలానా తేదీ మధ్యాహ్నం ఇంత మొత్తానికి మీ మెషీన్‌లో కార్డు పడిందా చూడండి, మీ మెషీన్ ఏ పేరు మీద ఉంది" అని అడిగితే చాలాసార్లు మర్యాదగానే చెప్తారు. వాళ్ల స్లిప్ కట్టలో కార్డు చివరి నాలుగు అంకెలు, గంట, మెషీన్ నంబరు, ఆరంకెల అప్రూవల్ కోడ్ ఉంటాయి. మీ దగ్గర పాత స్లిప్ ఏదైనా ఉంటే దాని పైన ఉన్న పేరు, స్టేట్‌మెంట్‌లో పడిన పేరు ఒకటేనేమో పోల్చి చూడండి.

మనదే, కానీ రెండుసార్లు పోయింది

ఇది నాకే జరిగింది, కర్నూల్లో. రాజ్‌విహార్ సెంటర్ దగ్గర ఒక హోటల్‌లో నలుగురం తిన్నాం, 1,260 బిల్లు. కార్డు పెట్టి పిన్ కొట్టాను. మెషీన్ తెర మీద ప్రాసెసింగ్ అని తిరుగుతూనే ఉంది, స్లిప్ రాలేదు. కౌంటర్‌లో పిల్లవాడు, "సర్వర్ స్లో ఉందక్కా, ఫోన్‌లో కొట్టేయండి" అన్నాడు. వెనకాల నలుగురు నిలబడి ఉన్నారు, కారు రోడ్డు మీద ఉంది, సరే అని యూపీఐలో కట్టి వచ్చేశాను. మర్నాడు చూస్తే కార్డు మీద 1,260, బ్యాంకు ఖాతాలో 1,260, రెండూ పోయాయి.

ఇలాంటప్పుడు ముందు తెలుసుకోవాల్సింది, 2019 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు పెట్టిన నిబంధన. కార్డు మీద డబ్బు పోయి, హోటల్ మెషీన్‌కు ఖరారు రాక, స్లిప్ రాకపోతే ఆ రోజు తర్వాత 5 రోజుల్లోగా డబ్బు దానంతటదే వెనక్కి రావాలి. అంతకు మించి ఆలస్యమైతే రోజుకు 100 రూపాయలు పరిహారంగా మనం అడగకుండానే ఇవ్వాలి. కాబట్టి అయిదు రోజులు ఆగడం తప్పు కాదు, ఆగినంతకాలం ఫోన్‌లో ఉన్న మెసేజీలు, యూపీఐ రసీదు స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి.

నాకు అయిదు రోజులైనా రాలేదు. హోటల్‌కు ఫోన్ చేస్తే మేనేజరు "మాకు కార్డు డబ్బు రాలేదమ్మా, మీరు ఫోన్‌లో కట్టిందే వచ్చింది" అన్నాడు. ఆయన అబద్ధం చెప్పాడని అనను, చూసుకోలేదు. నేను బ్యాంకు కస్టమర్ కేర్‌ను అడిగి ఆ లావాదేవీకి ఉన్న పన్నెండంకెల రిఫరెన్స్ నంబరు, అప్రూవల్ కోడ్ తీసుకుని మళ్లీ ఫోన్ చేసి, "అన్నా, ఆ రోజు రాత్రి మెషీన్ సెటిల్ చేసినప్పుడు వచ్చిన రిపోర్టులో ఈ కోడ్ ఉందేమో ఒక్కసారి చూడండి" అన్నాను. ఉంది. మెషీన్‌కు అప్రూవల్ ఆలస్యంగా చేరి, రాత్రి లెక్కలో ఆ 1,260 వాళ్ల ఖాతాకే పోయింది. అందుకే దానంతటదే వెనక్కి రాలేదు. ఉత్తినే "నా డబ్బు పోయింది" అంటే ఎవరూ కదలరు. ఆ నంబరు చెప్పి అడిగితేనే అవతలివాళ్లు లేచి చూశారు.

హోటల్ వాళ్లు తిరిగి ఇస్తామంటే అదే కార్డుకు రిఫండ్ వేయమనండి, రిఫండ్ స్లిప్ ఫోటో పంపమనండి. చేతికి డబ్బు ఇస్తే తీసుకోవచ్చు, కానీ అది తీసుకుని మళ్లీ బ్యాంకులో వివాదం నడిపితే అది మన తప్పవుతుంది. హోటల్ వాళ్లు "మా ఓనరు ఊళ్లో లేడు, వచ్చాక చూస్తాం" అంటూ వారం దాటించారు కాబట్టి నేను బ్యాంకుకు రాశాను. ఇక్కడ ఒక్క మాట గట్టిగా చెప్పాలి. ఫారంలో "ఈ లావాదేవీ నేను చేయలేదు" అన్న గడిలో టిక్ పెట్టకండి. కార్డు పెట్టింది మీరే, పిన్ కొట్టింది మీరే, బ్యాంకు దగ్గర ఆ రికార్డు ఉంటుంది. "వేరే విధంగా డబ్బు కట్టాను" అనో, "ఒకే బిల్లుకు రెండుసార్లు పడింది" అనో ఉన్న గడి చూసుకుని అది పెట్టండి. మొత్తం తేడాగా పడినా, రద్దు చేసిన ఆర్డరుకు డబ్బు రాకపోయినా ఇదే పద్ధతి. ఇలాంటి వివాదాన్ని మన బ్యాంకు కార్డు నెట్‌వర్క్ ద్వారా హోటల్ బ్యాంకుకు పంపి డబ్బు వెనక్కి రప్పించడాన్ని చార్జ్‌బ్యాక్ అంటారు. దానికి గడువులు ఉంటాయి, మీ కార్డు నిబంధనల్లో స్టేట్‌మెంట్ వచ్చిన ఎన్ని రోజుల్లోగా చెప్పాలో రాసి ఉంటుంది, అది చూసుకుని దానికంటే చాలా ముందే రాయండి.

నేను రాసింది దాదాపు ఇలా ఉంది, మీ వివరాలు పెట్టుకుని వాడుకోండి:

"నా కార్డు చివరి నాలుగు అంకెలు ఇవి. ఫలానా తేదీ మధ్యాహ్నం 2.10కి కర్నూలులో ఒక హోటల్ బిల్లు 1,260 రూపాయలకు కార్డు పెట్టాను. మెషీన్ నుంచి స్లిప్ రాలేదు. హోటల్ సిబ్బంది చెప్పడంతో అదే బిల్లును 2.14కి యూపీఐలో కట్టాను. కార్డు మీద కూడా 1,260 పడింది. హోటల్‌ను ఫలానా తేదీన ఫోన్‌లో అడిగాను, డబ్బు తిరిగి ఇవ్వలేదు. ఒకే బిల్లుకు రెండుసార్లు చెల్లింపు జరిగింది కాబట్టి కార్డు మీద పడిన మొత్తం వెనక్కి ఇప్పించగలరు. హోటల్ బిల్లు, యూపీఐ రసీదు, స్టేట్‌మెంట్ పేజీ జత చేశాను. ఈ మొత్తం తేలేదాకా దీని మీద వడ్డీ, ఆలస్య రుసుము వేయవద్దని కోరుతున్నాను."

కోపం, శాపనార్థాలు ఇందులో పెట్టకండి. తేదీ, గంట, మొత్తం, జత చేసిన కాగితాలు, ఇవే పని చేస్తాయి. ఇంగ్లీషు రాదని వెనకాడాల్సిన పని లేదు, బ్రాంచిలో తెలుగులో రాసిచ్చి, రెండో కాపీ మీద తేదీతో స్టాంపు వేయించుకోండి. యాప్‌లోనో మెయిల్‌లోనో ఇస్తే వచ్చే ఫిర్యాదు నంబరును కాగితం మీద కూడా రాసి పెట్టుకోండి. ఇక ఆ నెల బిల్లు సంగతి. వివాదంలో ఉన్న మొత్తాన్ని పక్కన పెట్టమని రాసి అడగండి, మిగతాది మాత్రం గడువులోపు పూర్తిగా కట్టేయండి. కోపంతో బిల్లంతా ఆపేస్తే వడ్డీ అన్నిటి మీదా పడుతుంది, క్రెడిట్ స్కోరు దెబ్బతింటుంది.

అసలు మనది కాదు అని తేలితే

పేరు, తేదీ, మెసేజీలు, ఇంట్లో వాళ్లు, అన్నీ చూశాక కూడా మనది కాదని తేలితే ఇక పొద్దున దాకా ఆగకండి. ముందు బ్యాంకు యాప్‌లో కార్డు బ్లాక్ చేయండి, తర్వాత కార్డు వెనక ఉన్న నంబరుకు ఫోన్ చేసి ఫిర్యాదు నంబరు తీసుకోండి. గూగుల్‌లో కస్టమర్ కేర్ నంబరు వెతకొద్దు, దయచేసి వినండి. అక్కడ దొంగ నంబర్లు పెట్టుకుని కూర్చున్న వాళ్లు ఉంటారు. మన కంగారే వాళ్ల పెట్టుబడి. రిఫండ్ ఇస్తామని ఓటీపీ అడిగినా, ఫోన్ తెర వాళ్లకు కనిపించే యాప్ వేసుకోమన్నా, యూపీఐ పిన్ కొట్టమన్నా ఫోన్ పెట్టేయండి. డబ్బు మనకు రావడానికి పిన్ అక్కర్లేదు.

ఇక మా మామ సంగతి. కడపలో ఏడు రోడ్ల దగ్గర ఉంటాడు, రిటైరైన టీచరు. ఒక గురువారం రాత్రి ఆయన ఫోన్‌కు వరసగా మూడు మెసేజీలు వచ్చాయి, ఎక్కడో విదేశీ రెస్టారెంట్ పేరు మీద ఒక్కోటి 2,350 రూపాయలు. విదేశీ సైట్లలో చాలాచోట్ల ఓటీపీ అడగకుండానే కార్డు పనిచేస్తుంది, ఎప్పుడో కొడుకు దగ్గరికి వెళ్లేటప్పుడు ఆన్ చేసిన ఇంటర్నేషనల్ వాడకాన్ని ఆయన మళ్లీ ఆఫ్ చేయలేదు. ఆయన వాటిని ప్రకటనల మెసేజీలనుకుని వదిలేశాడు. మరుసటి వారం ఆఖర్న నేను వెళ్లినప్పుడు చూపించాడు.

రిజర్వు బ్యాంకు 2017 జూలై 6న ఇచ్చిన సర్క్యులర్ ఇక్కడ మనకు ఆధారం. తప్పు మనదీ కాక, బ్యాంకుదీ కాక, మూడోవాళ్ల వల్ల మోసం జరిగినప్పుడు, బ్యాంకు నుంచి సమాచారం అందాక 3 పని దినాల్లోగా చెప్తే మన మీద ఒక్క రూపాయి భారం ఉండదు. 4 నుంచి 7 పని దినాల మధ్య చెప్తే సేవింగ్స్ ఖాతాకు, 5 లక్షల దాకా లిమిట్ ఉన్న క్రెడిట్ కార్డుకు 10,000 వరకు, అంతకు మించిన లిమిట్ ఉన్న కార్డుకు 25,000 వరకు మనం భరించాలి, లేదా ఆ లావాదేవీ మొత్తం, రెండింటిలో ఏది తక్కువైతే అది. ఏడు దాటితే బ్యాంకు తన పాలసీ ప్రకారం చూస్తుంది.

"ఏది తక్కువైతే అది" అన్న ముక్కను ఆగి చదవండి. హోటల్ పేరు మీద పడే మోసాలు లక్షల్లో ఉండవు, రెండు వేలు, మూడు వేలు ఉంటాయి. 10,000 అనే హద్దు వాటికి ఏ రక్షణా ఇవ్వదు. అంటే మూడు పని దినాలు దాటిన మరుక్షణం ఆ మొత్తమంతా మన నెత్తినే పడుతుంది. పెద్ద మొత్తాలకంటే చిన్న మొత్తాలకే తొందర ఎక్కువ కావాలని నేను అంటున్నది అందుకే.

లెక్క ఎలా అంటే, మెసేజ్ వచ్చిన రోజును వదిలేయాలి. మామకు గురువారం వచ్చింది. శుక్రవారం ఒకటి. ఆ మర్నాడు రెండో శనివారం, బ్యాంకుకు సెలవు, లెక్కలోకి రాదు. ఆదివారం రాదు. సోమవారం రెండు, మంగళవారం మూడు. మంగళవారం లోపు ఒక్క ఫోన్ చేసి ఉంటే 7,050 రూపాయలు మొత్తం వెనక్కి వచ్చేవి. మేం బ్లాక్ చేసి ఫిర్యాదు ఇచ్చింది శుక్రవారం, అంటే ఆరో రోజు. బ్యాంకు తన ఇష్టం మీద ఆ భారాన్ని మాఫీ చేయొచ్చని ఆ సర్క్యులర్‌లోనే ఉంది, వయసు, పింఛను అన్నీ చెప్పి బతిమాలి రాశాం, ఒప్పుకోలేదు. నాకు అది ఇప్పటికీ బాధగా ఉంది, ఆ మంగళవారమే నేను మామతో ఫోన్లో అరగంట మాట్లాడాను, ఆ మెసేజీల ఊసు రాలేదు.

గడువులోపు చెప్పిన వాళ్లకు ఉన్న హక్కులు గట్టివి. చెప్పిన 10 పని దినాల్లోగా బ్యాంకు ఆ మొత్తాన్ని తాత్కాలికంగా మన ఖాతాలో జమ చేయాలి, 90 రోజుల్లోగా విషయం తేల్చాలి. తప్పు కస్టమర్‌దే అని నిరూపించాల్సిన బాధ్యత బ్యాంకుది, మనది కాదు. ఫ్రాడ్ అని చెప్పిన లావాదేవీ మీద అది తేలేదాకా చార్జీలు వేయకూడదని 2022 ఏప్రిల్ నాటి కార్డుల ఆదేశాల్లో ఉంది. కానీ ఓటీపీ, పిన్ మనమే ఎవరికో చెప్పి ఉంటే కథ వేరు, మనం బ్యాంకుకు చెప్పేదాకా పోయిందంతా మనదే. చెప్పిన తర్వాత పోయేది బ్యాంకుది. అందుకే అలాంటి పొరపాటు జరిగినా సిగ్గుపడి దాచకండి, వెంటనే చెప్తే ఆ తర్వాత జరిగేదైనా ఆగుతుంది. బ్యాంకుతో పాటు 1930కి కూడా ఫోన్ చేయండి, అది సైబర్ మోసాల హెల్ప్‌లైన్.

కార్డు పోగొట్టుకుని గమనించని వాళ్లకూ ఇదే వర్తిస్తుంది. 5,000 దాకా పిన్ లేకుండా ట్యాప్ చేసి కట్టొచ్చు కాబట్టి, దొరికినవాడు నేరుగా బిర్యానీ తిని రావచ్చు. మీకు ట్యాప్ అవసరం లేకపోతే యాప్‌లో ఆఫ్ చేయండి. ఇంటర్నేషనల్ కూడా ఆఫ్‌లోనే ఉంచండి, ప్రయాణం ఉన్నప్పుడు ఆన్ చేసుకోవచ్చు.

బ్యాంకు కదలకపోతే

బిల్లు మీద అభ్యంతరం చెప్తే 30 రోజుల్లోగా వివరణ, అవసరమైన చోట కాగితాల రుజువు ఇవ్వాలన్నది కూడా ఆ 2022 ఆదేశాల్లోనే ఉంది. "మీ లావాదేవీ సరైనదే" అని ఒక లైను మెయిల్ వస్తే దాంతో ఊరుకోకండి, చార్జ్ స్లిప్ కాపీ, ఏ విధంగా ధ్రువీకరణ జరిగింది, పిన్‌తోనా, ట్యాప్‌తోనా, ఓటీపీతోనా అని రాసి అడగండి. ఒక్కోసారి ఆ స్లిప్ చూశాకే మనకే గుర్తొస్తుంది, అప్పుడు ఫిర్యాదు వెనక్కి తీసుకోవడమే న్యాయం.

30 రోజులు దాటినా జవాబు రాకపోయినా, వచ్చిన జవాబు సరిగా లేకపోయినా రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ దగ్గరికి, అంటే బ్యాంకుల మీద ఫిర్యాదులు విని తేల్చే అధికారి దగ్గరికి వెళ్లొచ్చు. ఫీజు లేదు, లాయరు అక్కర్లేదు. రిజర్వు బ్యాంకు ఫిర్యాదుల సైట్‌లో ఇవ్వొచ్చు, రాతపూర్వకంగా అయితే చండీగఢ్‌లోని వాళ్ల కేంద్రానికి పోస్టులో పంపొచ్చు. ఎలా రాయాలో తెలియకపోతే 14448కి ఫోన్ చేయండి, తెలుగులో మాట్లాడతారు. ముందు బ్యాంకుకు ఇచ్చిన ఫిర్యాదు నంబరు, తేదీ అడుగుతారు, అది లేకుండా నేరుగా వెళ్తే తీసుకోరు. ఆ కాగితాన్ని పదిలంగా పెట్టుకోమని ముందు చెప్పింది ఇందుకే.

నా 1,260 అయిదో వారంలో కార్డుకు వచ్చింది. అంబుడ్స్‌మన్ దాకా పోలేదు. ఇప్పుడు హోటల్‌లో స్లిప్ రాగానే టేబుల్ మీదే ఫోటో తీస్తాను, ఆ కాగితం మీద అక్షరాలు రెండు నెలల్లో వెలిసిపోతాయి కాబట్టి. మెషీన్ ఆగిపోతే రెండోసారి కట్టే ముందు ఫోన్‌లో మెసేజ్ వచ్చిందా లేదా చూసి, కౌంటర్‌లో వాళ్లకు చూపించి, బిల్లు వెనక "కార్డు స్లిప్ రాలేదు" అని రాయించుకుని అప్పుడే కడతాను. మామ ఫోన్‌లో బ్యాంకు మెసేజీలకు వేరే రింగ్‌టోన్ పెట్టాం, అది మోగితే ఏ టైమైనా నాకు ఫోన్ చేస్తున్నాడు. మొన్న రాత్రి పదింటికి చేశాడు, 60 రూపాయలట. వాళ్ల వీధి చివర కారం దోశ బండి.